ఆట మీది... రికార్డింగ్ ఎవరి నిర్ణయం?

ఆట మంచి ఊపులో ఉన్నప్పుడు తెర అర క్షణం బిగుసుకుపోయి మళ్లీ కదిలితే మొదట తిట్లు తినేది ఇంటర్‌నెట్. ఆ తర్వాత అనుమానం గ్రాఫిక్స్ కార్డు మీదికి పోతుంది. డ్రైవర్లు మారుస్తారు, విండోస్ మళ్లీ ఎక్కిస్తారు, చివరికి ఇంకో 16 జీబీ ర్యామ్ కొంటారు. ఇన్ని పాట్లు పడేవాళ్లు కూడా చూడని చోటు ఒకటుంది. ఆడుతున్నంతసేపూ ఆ ఆటను వీడియోగా తీసి డిస్కులో దాస్తున్న ప్రోగ్రామ్ ఏదైనా వెనక నడుస్తోందా అన్నది. ప్రతి కుదుపుకూ కారణం అదే కానక్కర్లేదు. వేడెక్కి నెమ్మదించిన ప్రాసెసర్ కావచ్చు, ఆటలోనే లోపం కావచ్చు. కానీ మిగతా కారణాలను తేల్చాలంటే డబ్బో శ్రమో పెట్టాలి. దీన్ని తేల్చుకోవడానికి కొన్ని నిమిషాలు చాలు. పైగా ఇక్కడ వేగం ఒక్కటే కాదు, హక్కు కూడా ఉంది. మన గదిలో, మన కంప్యూటర్‌లో రికార్డింగ్ జరగాలా వద్దా అని నిర్ణయించింది ఎవరు, ఎప్పుడు? ఎన్నడో తొందరలో నొక్కిన ఒక ‘సరే’ను సాఫ్ట్‌వేర్ కలకాలపు అనుమతిగా తీసుకోవడం సరికాదు. దాన్ని వెనక్కి తీసుకునే దారి వినియోగదారుడికి తెలియాలి.

ఈ పరిస్థితి ఎలా వచ్చిందో చూస్తే సగం విషయం అక్కడే అర్థమవుతుంది. 1999లో వచ్చిన ఫ్రాప్స్ అనే ప్రోగ్రామ్‌తో ఆటలను వీడియో తీసిన తరానికి రికార్డింగ్ అంటే పెద్ద పని. మీట నొక్కితే మొదలు, మళ్లీ నొక్కితే ఆఖరు. రికార్డవుతున్నంతసేపూ తెర మూలన ఫ్రేముల అంకె పసుపు నుంచి ఎరుపులోకి మారి ఉండేది. కొద్ది నిమిషాలకే జీబీల కొద్దీ ఫైలు తయారయ్యేది, ఆట బరువెక్కేది. తెలియకుండా రికార్డయ్యే అవకాశమే లేదు. 2012లో ఎన్విడియా తన కెప్లర్ తరం గ్రాఫిక్స్ కార్డుల్లో వీడియోను కుదించడానికే ఎన్‌వెంక్ అనే ప్రత్యేక భాగాన్ని పెట్టింది. 2013 అక్టోబరులో దాని ఆధారంగా షాడోప్లే అనే రికార్డింగ్ సదుపాయం వచ్చింది. మరుసటి నెలలోనే విడుదలైన ప్లేస్టేషన్ 4 చివరి 15 నిమిషాల ఆటను ఎప్పుడూ చేతిలో ఉంచుకోవడం మొదలుపెట్టింది. 2015లో విండోస్ 10తో పాటు గేమ్ డీవీఆర్, 2016 డిసెంబరులో ఏఎండీ రిలైవ్, 2024 నవంబరులో స్టీమ్ సొంత రికార్డింగ్ సదుపాయం వచ్చాయి. ఈ క్రమంలో మీట చేసే పనే మారిపోయింది. ఒకప్పుడు మీట నొక్కితే రికార్డింగ్ మొదలయ్యేది. ఇప్పుడు మీట నొక్కేసరికే రికార్డింగ్ జరిగిపోయి ఉంటుంది. అందులోంచి ఏ ముక్క దాచాలో చెప్పడానికే ఆ మీట.

ప్లేస్టేషన్‌లో ఈ పద్ధతికి ఒక న్యాయం ఉంది. యంత్రం ఒక్కటే, తయారీదారు ఒక్కడే. రికార్డింగ్‌కు ఎంత శక్తి కేటాయించాలో ముందే తేల్చి, మిగిలినదే ఆటలు రాసేవాళ్లకు ఇస్తారు. గేమింగ్ కంప్యూటర్‌లో అలాంటి ఒప్పందం లేదు. విండోస్ గేమ్ బార్, గ్రాఫిక్స్ కార్డు కంపెనీ యాప్, స్టీమ్, డిస్కార్డ్ క్లిప్స్, హెడ్‌సెట్‌తో వచ్చిన సాఫ్ట్‌వేర్ ఎవరికి వారే రికార్డు చేయగలరు. ఒకదాని ఉనికి ఇంకోదానికి పట్టదు. వీటిలో చాలావాటిలో వెనక రికార్డింగ్ మొదట ఆఫ్‌లోనే ఉంటుందన్నది నిజం, ఆ మాట చెప్పకపోతే అన్యాయం. స్టీమ్ అయితే మనం ఎంచుకుంటేనే మొదలుపెడుతుంది. కానీ ఆన్ కావడం ఎంత తేలికో చూడండి. ఎన్విడియాలో ఆల్ట్, షిఫ్ట్, ఎఫ్10 మీటలు కలిసి నొక్కుకుపోతే చాలు, ఇన్‌స్టంట్ రీప్లే అనే వెనక రికార్డింగ్ మొదలవుతుంది. ఇన్‌స్టాల్ చేసేటప్పుడు వరసగా ‘నెక్స్ట్’ కొట్టుకుపోవడం, ఇంట్లో మరొకరు సరదాగా ఆన్ చేసి మరిచిపోవడం, క్లిప్పులు తీయడం కోసమే పుట్టిన మెడల్, అవుట్‌ప్లేడ్ లాంటి యాప్‌లను ఒక్కరోజు వాడి వదిలేయడం... దారులు చాలా ఉన్నాయి. ఆన్ కావడానికి క్షణం పడుతుంది. ఆన్‌లో ఉందని తెలియడానికి నెలలు పట్టవచ్చు.

‘వీడియో కుదించేది వేరే చిప్పు కదా, ఆటకేం నష్టం?’ అన్నది అందరూ అడిగే మొదటి ప్రశ్న. సగం నిజమున్న ప్రశ్న ఇది. ఎన్‌వెంక్ లాంటి భాగం కుదింపు భారాన్ని నిజంగానే ఆట మీద పడనివ్వదు. కానీ కుదించాలంటే ముందు బొమ్మ అక్కడికి చేరాలి. 1920×1080 తెర మీద ఒక్క ఫ్రేముకు దాదాపు 20.7 లక్షల చుక్కలు, చుక్కకు నాలుగు బైట్ల చొప్పున 8.3 ఎంబీ. సెకనుకు 60 ఫ్రేములంటే సుమారు 500 ఎంబీ. దాన్ని ఒకచోట రాసి, మళ్లీ చదవాలంటే సెకనుకు ఒక జీబీ రాకపోకలు. సొంత మెమరీ ఉన్న పెద్ద కార్డుకు అది లెక్కలోకి రాదు. ప్రాసెసర్‌లోనే గ్రాఫిక్స్ కలిసి ఉన్న, ఒకే ఒక్క డీడీఆర్4 ర్యామ్ స్టిక్ ఉన్న ల్యాప్‌టాప్ సంగతి వేరు. అక్కడ మొత్తం దారి సాధారణంగా సెకనుకు 20–25 జీబీ మాత్రమే, దాన్నే ప్రాసెసర్, గ్రాఫిక్స్ పంచుకోవాలి. అందులో దాదాపు ఇరవయ్యో వంతు రికార్డింగ్‌కు పోతుంది. చదువుకీ ఆటకీ కలిపి ఒకే ల్యాప్‌టాప్ ఉన్న మన మధ్యతరగతి ఇళ్లలో కనిపించేవి ఎక్కువగా ఈ రెండో రకమే. షాడోప్లే వచ్చిన కొత్తలో అత్యధిక నాణ్యతలో 5 నుంచి 10 శాతం వేగం తగ్గుతుందని ఎన్విడియాయే చెప్పుకుంది. విండోస్ 10లో వెనక రికార్డింగ్ స్విచ్ పక్కనే, ఆట నాణ్యతపై ప్రభావం ఉండొచ్చని మైక్రోసాఫ్ట్ రాసి పెట్టింది. నష్టమే లేదని తయారుచేసినవాళ్లే అననప్పుడు మనం వాళ్ల తరఫున ఎందుకు అనాలి?

సగటు వేగం చూసి ఊరట చెందడం ఇంకో పొరపాటు. 144 హెర్ట్జ్ మానిటర్‌లో ఒక్కో ఫ్రేముకు దక్కేది 6.9 మిల్లీసెకన్లు. సెకనులో ఒకే ఒక్క ఫ్రేము 50 మిల్లీసెకన్లు పట్టిందనుకుందాం. సగటు 144 నుంచి 138కి దిగుతుంది, అంతే. అంకెల్లో అది ఎవరూ పట్టించుకోని తేడా. కానీ వాలొరాంట్‌లోనో కౌంటర్ స్ట్రైక్‌లోనో ఎదుటివాడు గోడ చాటు నుంచి బయటికొచ్చిన ఆ క్షణంలో తెర ఆగిందంటే ఆట పోయినట్టే. వెనక రికార్డింగ్ చేసే హాని ఇలాగే ఉంటుంది. ఎప్పుడూ కొంచెం నెమ్మదిగా కాకుండా, అప్పుడప్పుడు, డిస్కులోకి పెద్ద ముక్క రాసే సమయంలో ఒక్కసారిగా వచ్చి పడుతుంది. అందుకే సగటు చూసేవాళ్లు ‘తేడా లేదు’ అంటారు, ఆడేవాళ్లు ‘ల్యాగ్ ఉంది’ అంటారు. తమ తమ కొలతల ప్రకారం ఇద్దరిదీ నిజమే.

రికార్డింగ్ జరగకపోయినా, రికార్డింగ్ యాప్ ఆట తెర మీద పరిచే ఓవర్‌లే అనే పొరే భారం కావచ్చని 2024 డిసెంబరు చూపించింది. ఎన్విడియా కొత్త యాప్ అధికారికంగా వచ్చి నెల తిరిగేసరికి, దాన్ని ఇన్‌స్టాల్ చేస్తే కొన్ని ఆటల్లో వేగం 15 శాతం దాకా పడిపోతోందని హార్డ్‌వేర్ పరీక్షకులు కొలిచి చెప్పారు. కారణం గేమ్ ఫిల్టర్లు, ఫొటో మోడ్ అనే సదుపాయం. వాటిని ఎవరూ వాడకపోయినా అవి ఆన్‌లో ఉండటమే చాలింది. కంపెనీ సమస్యను ఒప్పుకుని, వాటిని ఆఫ్ చేసుకోమని సూచించింది. మరో కోణం కూడా ఉంది. క్లిప్పు తీసే ప్రోగ్రాములు కొన్ని ఆటలోకి తమ కోడ్‌ను చొప్పించి బొమ్మను అందుకుంటాయి. మోసం చేసే ప్రోగ్రాములు చేసేదీ అదే పని. అందుకే 2020లో కౌంటర్ స్ట్రైక్‌లో దాని తయారీదారు వాల్వ్ తెచ్చిన ట్రస్టెడ్ మోడ్, అందరూ నమ్మే రికార్డింగ్ ప్రోగ్రామ్ ఓబీఎస్ స్టూడియోలోని గేమ్ క్యాప్చర్‌ను సైతం అడ్డుకుంది. వేగం సంగతి పక్కన పెట్టినా, ఆట లోపలికి ఏమేం చొరబడుతున్నాయో తెలిసి ఉండటం ఆటగాడికి అవసరం.

డిస్కు విషయంలో మాత్రం కాస్త అతిశయోక్తి నడుస్తోంది. వెనక రికార్డింగ్ వల్ల ఎస్‌ఎస్‌డీ ఏడాదికే చచ్చిపోతుందని భయపెట్టేవాళ్లున్నారు. లెక్క వేద్దాం. సెకనుకు 50 మెగాబిట్ల నాణ్యతతో గంటకు 22.5 జీబీ. రోజుకు నాలుగు గంటలు ఆడితే 90 జీబీ, ఏడాదికి 33 టెరాబైట్లు. శాంసంగ్ 970 ఇవో ప్లస్ 500 జీబీ ఎస్‌ఎస్‌డీకి కంపెనీ ఇచ్చిన రాత పరిమితి 300 టెరాబైట్లు. అంటే రోజూ తప్పకుండా ఆడినా తొమ్మిదేళ్లు. ఈ భయాన్ని వదిలేయొచ్చు. నిజమైన ఇబ్బంది తిరిగే హార్డ్ డిస్కుతో వస్తుంది. ఆటా, క్లిప్పుల ఫోల్డరూ రెండూ ఆ డిస్కు మీదే ఉంటే చదివే ముల్లు అటూ ఇటూ పరుగులు తీయాలి. కొత్త దృశ్యం లోడయ్యేటప్పుడు ఆట నిలబడిపోతుంది. కొందరు డిస్కు నిండిపోయిందని గగ్గోలు పెట్టి ఆటలు తీసేస్తుంటారు. వీడియోస్‌లో క్యాప్చర్స్ ఫోల్డర్, స్టీమ్ రికార్డింగ్ ఫోల్డర్ ఒకసారి తెరిచి చూడటం అంతకంటే ముందు చేయాల్సిన పని.

ఇక కనిపెట్టడం. ఇక్కడ పుకార్లతో పని లేదు, కంప్యూటరే సాక్ష్యం చెబుతుంది. కంట్రోల్, షిఫ్ట్, ఎస్కేప్ నొక్కితే టాస్క్ మేనేజర్ వస్తుంది. పెర్ఫార్మెన్స్ విభాగంలో జీపీయూ మీద నొక్కితే చిన్న గ్రాఫులు కొన్ని కనిపిస్తాయి. వాటిలో వీడియో కుదింపును చూపే ‘వీడియో ఎన్‌కోడ్’ అనేది మనకు కావలసింది. కొత్త ఏఎండీ కార్డుల్లో దాని పేరు ‘వీడియో కోడెక్’ అని ఉంటుంది. 2017 చివర్లో వచ్చిన విండోస్ 10 నవీకరణ నుంచి ఈ గ్రాఫులు అందుబాటులో ఉన్నాయి. వీడియో కాల్, స్క్రీన్ షేరింగ్, లైవ్ స్ట్రీమింగ్ అన్నీ ఆపి, ఒంటరిగా ఆడే ఆట ఒకటి తెరిచి కొన్ని నిమిషాలు ఆడి, ఆల్ట్, ట్యాబ్‌తో బయటికి రావాలి. గ్రాఫు గడిచిన 60 సెకన్లను చూపిస్తుంది కాబట్టి ఆడుతున్నప్పటి సంగతి అక్కడ ఇంకా మిగిలే ఉంటుంది. ఎన్‌కోడ్ గీత సున్నా మీద పడుకోకుండా కదిలిందంటే ఎవరో వీడియో తయారుచేస్తున్నారన్నమాట. ఎవరన్నది ప్రాసెసెస్ విభాగంలోని ‘జీపీయూ ఇంజిన్’ వరస చెబుతుంది. ఎన్‌కోడర్ వాడకుండా ప్రాసెసర్‌తోనే రికార్డు చేసే ప్రోగ్రాములు ఈ గ్రాఫుకు చిక్కవు. వాటి కోసం రిసోర్స్ మానిటర్ తెరిచి, డిస్క్ విభాగంలో ‘రైట్’ వరసను పెద్దవి పైకి వచ్చేలా అమర్చాలి. సెకనుకు ఐదారు ఎంబీలు ఆగకుండా రాస్తున్న ప్రోగ్రామ్ కనిపిస్తే, దాని పేరు, అది రాస్తున్న ఫైలు పేరు రెండూ అక్కడే ఉంటాయి. ఎంపీ4 అని ముగిసే ఫైలు దొరికిందంటే ఇంకే రుజువూ అక్కర్లేదు.

దొరికిన తర్వాత ఆపడం తేలిక, ఎక్కడ మొదలైందో అక్కడే ఆపాలి. విండోస్ 11లో సెట్టింగ్స్‌లోకి వెళ్లి గేమింగ్, అందులో క్యాప్చర్స్ తెరిస్తే ‘రికార్డ్ వాట్ హ్యాపెన్డ్’ అనే స్విచ్ ఉంటుంది. విండోస్ 10లో అదే చోట, ఆట ఆడుతుండగా వెనక రికార్డు చేయమనే స్విచ్ ఉంటుంది. ఎన్విడియా కార్డుంటే ఆల్ట్, జెడ్ నొక్కి ఓవర్‌లేలో ఇన్‌స్టంట్ రీప్లే ఆపాలి. ఓవర్‌లే అసలే వాడనివాళ్లు యాప్ సెట్టింగుల్లో దాన్నే మూసేయొచ్చు. ఏఎండీ అడ్రినలిన్‌లో రికార్డ్ అండ్ స్ట్రీమ్ సెట్టింగుల్లో ఇన్‌స్టంట్ రీప్లే ఉంటుంది. స్టీమ్ సెట్టింగుల్లో గేమ్ రికార్డింగ్, డిస్కార్డ్ సెట్టింగుల్లో క్లిప్స్. చాలామంది ఊహించని చోటు హెడ్‌సెట్, మౌస్ కంపెనీల సాఫ్ట్‌వేర్. స్టీల్‌సిరీస్ జీజీలో మూమెంట్స్ అనే క్లిప్పుల సదుపాయం ఉందన్న సంగతి లైట్ల రంగు మార్చుకోవడానికి దాన్ని వేసుకున్నవాళ్లకు తట్టకపోవచ్చు. ఒక్కోటి ఆపి, మళ్లీ అదే దృశ్యం ఆడి, మళ్లీ గ్రాఫు చూడాలి. అన్నీ ఒకేసారి ఆపేస్తే అసలు దోషి ఎవరో ఎప్పటికీ తెలియదు.

ఇంకో అడుగు ముందుకేసి గేమ్ బార్‌నే కంప్యూటర్‌లోంచి పీకేయమని సలహా ఇచ్చేవాళ్లున్నారు. పవర్‌షెల్‌లో ఒక వాక్యం అతికించమంటారు, రిజిస్ట్రీలో అంకెలు మార్చే ప్రోగ్రాములు అంటగడతారు. ఇది ఎలుకల మీద కోపంతో ఇల్లు తగలబెట్టుకోవడమే. గేమ్ బార్‌ను తీసేసిన తర్వాత ఆట తెరిచినప్పుడల్లా, గేమింగ్ ఓవర్‌లే లింకు తెరవడానికి కొత్త యాప్ కావాలంటూ విండోస్ వెంటపడిన సందర్భాలు కోకొల్లలు. అంతకన్నా పెద్ద చిక్కు 2023లో వచ్చిన ఏఎండీ రైజెన్ 9 7950ఎక్స్3డీ లాంటి ప్రాసెసర్లతో వచ్చింది. వాటిలో అదనపు క్యాష్ మెమరీ సగం కోర్లకే ఉంటుంది. నడుస్తున్నది ఆటేనని గుర్తించి ఆ కోర్ల మీదికి పంపడానికి ఏఎండీ డ్రైవర్ గేమ్ బార్ మీదే ఆధారపడుతుంది. గేమ్ బార్‌ను తుడిచేస్తే వేగం పెరగకపోగా తగ్గవచ్చు. రికార్డింగ్ వేరు, దాన్ని మోస్తున్న ప్రోగ్రామ్ వేరు. కళాశాల ల్యాబులు, గేమింగ్ సెంటర్లు నడిపేవాళ్లు అన్ని యంత్రాల్లో ఒకేసారి ఆపాలనుకుంటే విండోస్ ప్రో ఎడిషన్‌లోని గ్రూప్ పాలసీలో గేమ్ రికార్డింగ్‌ను నిలిపేసే నిబంధన మైక్రోసాఫ్టే ఇచ్చింది. అది ఉండగా ఎవరో రాసిన స్క్రిప్టును నమ్మాల్సిన పని లేదు.

‘ఫైలు మన డిస్కులోనే ఉంటుంది కదా, గోప్యతకు ముప్పేముంది?’ అని అడిగేవాళ్లకు జవాబు చెప్పాలి. ఆట బొమ్మ ఒక్కటే అయితే ముప్పు తక్కువే. కానీ మైక్ కూడా కలిపితే గదిలోని మాటలూ ఎక్కుతాయి. అమ్మ ఫోన్‌లో మాట్లాడుతున్నది, తమ్ముడి ఏడుపు, పార్టీ చాట్‌లో అవతలి పిల్లలు నమ్మి చెప్పుకున్న సంగతులు అన్నీ అందులో ఉంటాయి. ఎన్విడియాలో డెస్క్‌టాప్ క్యాప్చర్ ఆన్‌లో ఉంటే ఆట మధ్యలో బయటికొచ్చి చదివిన మెయిల్ కూడా వీడియోలోకి వస్తుంది. ఆ క్లిప్పును స్నేహితుడికి పంపేటప్పుడు వీటిని ఎంతమంది విని, చూసి పంపుతారు? క్లిప్పులను తమ సర్వర్లకు ఎక్కించుకునే యాప్‌లైతే మన డిస్కు అన్న వాదనే ఉండదు. మన డిజిటల్ వ్యక్తిగత డేటా రక్షణ చట్టం 2023లో వచ్చింది. ఇంటి అవసరానికి మనమే తీసుకునే రికార్డింగును అది ముట్టుకోదు. అయినా అది అనుమతికి పెట్టిన కొలత ఇక్కడ పనికొస్తుంది. సమ్మతి స్పష్టమైన చర్యతో ఇవ్వాలి, ఎంత తేలిగ్గా ఇచ్చారో దాన్ని అంతే తేలిగ్గా వెనక్కి తీసుకోగలగాలి. మూడు మీటల పొరపాటుతో మొదలైన రికార్డింగును ఆపడానికి ఐదు యాప్‌ల సెట్టింగులు వెతుక్కోవాల్సి రావడం ఆ కొలతకు నిలవదు.

ఎదుటివైపు నుంచి వచ్చే బలమైన మాట ఒకటుంది. గొప్ప క్షణం చెప్పి రాదు. ఐదుగురిని ఒక్కడే పడగొట్టిన రౌండ్‌ను ముందే ఊహించి మీట నొక్కేవాడెవడు? మోసగాడి మీద ఫిర్యాదు చేయాలన్నా జరిగిపోయినదాని వీడియోనే కావాలి. తెలుగులో ఆటల ఛానెళ్లు నడిపే కుర్రాళ్లకు ఆ క్లిప్పులే బతుకుదెరువు. ఈ మాటలన్నీ నిజం, వెనక రికార్డింగ్‌ను కనిపెట్టినవాళ్లు మంచి పనే చేశారు. అలాంటివాళ్లు తమకు నచ్చిన ఒక్క ప్రోగ్రామ్‌ను తెలిసి ఉంచుకుని, మైక్‌ను వేరుగా నిర్ణయించి, మిగతావాటిని ఆపేస్తే సరిపోతుంది. ఓబీఎస్‌లోని రీప్లే బఫర్ చివరి నిమిషాలను ర్యామ్‌లోనే ఉంచుతుంది, మీట నొక్కితేనే డిస్కుకు రాస్తుంది. హార్డ్ డిస్కు ఉన్నవాళ్లకు అది మేలు. తెలిసి ఆన్ చేసుకున్న రికార్డింగ్‌కూ తెలియక మోస్తున్నదానికీ ఉన్న తేడా చిన్నది కాదు. అందుకే మొదటి అమరిక ఏమిటన్నది అంత ముఖ్యం. 2024 మేలో మైక్రోసాఫ్ట్ రీకాల్‌ను ప్రకటించింది. తెర బొమ్మలను వరసగా తీసి దాచే సదుపాయమది. భద్రతా నిపుణులు గట్టిగా ప్రశ్నించాక, మూడు వారాలు తిరక్కుండానే, వినియోగదారుడు కోరుకుంటేనే ఆన్ అవుతుందని కంపెనీ మాట మార్చుకుంది. అడిగితే మారతాయన్నమాట.

ఇప్పుడు అడగాల్సింది రికార్డింగ్ జరుగుతోందని చూపే ఒక చిన్న గుర్తు. మ్యాక్‌లో 2019 నుంచి తెరను రికార్డు చేయాలంటే ఏ యాప్ అయినా అనుమతి అడగాలి. విండోస్‌లో మామూలు డెస్క్‌టాప్ ప్రోగ్రామ్ తెర బొమ్మ తీసుకోవడానికి అలాంటి అనుమతి ఏదీ అడగదు. ఎన్విడియా తెర మూలన తన గుర్తు చూపిస్తుంది, దాన్నీ చాలామంది తెరకు అడ్డమని తీసేస్తారు. ఇంకో యాప్‌కు ఇంకో గుర్తు, కొన్నింటికి అసలే లేదు. మైక్రోఫోన్ వాడకంలో ఉంటే విండోస్ టాస్క్‌బార్‌లో 2019 నుంచే గుర్తు పెడుతోంది. ఎన్‌కోడర్ ఎవరి కోసం పనిచేస్తోందో టాస్క్ మేనేజర్‌కు అంతకంటే ముందే తెలుసు. ఆ సమాచారాన్ని అక్కడి నుంచి గడియారం పక్కకు తేవడానికి కొత్త చిప్పు అక్కర్లేదు, కొత్త పరిశోధనా అక్కర్లేదు. అది వచ్చేదాకా డ్రైవర్‌ను క్లీన్ ఇన్‌స్టాల్ చేసి పాత సెట్టింగులు తుడిచిపెట్టినప్పుడల్లా, కొత్త హెడ్‌సెట్‌కు సాఫ్ట్‌వేర్ వేసుకున్నప్పుడల్లా, ఇంట్లో పిల్లలు కొత్త క్లిప్పుల యాప్ దించుకున్నప్పుడల్లా ఆ ఎన్‌కోడ్ గ్రాఫును ఇంకోసారి తెరవాల్సిందే.